రంజీ పిలుపు రాలేదు, లీగ్ వదలబుద్ధి కావడం లేదు

ఊళ్లోని క్లబ్బుల మధ్య జరిగే లీగ్‌లో ఆడుతూ, రాష్ట్ర జట్ల మధ్య జరిగే రంజీ ట్రోఫీకి పిలుపు కోసం ఎదురుచూస్తున్న ఒక క్రికెటర్, తన పేరు, క్లబ్బు పేరు రాయొద్దని కోరుతూ పంపిన ఉత్తరం ఇది. చాలా పెద్ద ఉత్తరం కాబట్టి ముఖ్యమైన సంగతులే ఇక్కడ ఇస్తున్నాను.

ఆయనకు 27 ఏళ్లు. సొంతూరు నల్గొండ జిల్లాలో ఒక పల్లె. పద్నాలుగో ఏట హైదరాబాద్ వచ్చి మేనమామ ఇంట్లో ఉండి చదువుకున్నారు. ఎడమచేతి స్పిన్నర్. పిచ్ మీద పరిచిన మ్యాటింగ్ (చాప) మీద ఆడే కింది డివిజన్ క్లబ్బులో మొదలుపెట్టి, ఇప్పుడు పై డివిజన్‌లో మూడు రోజుల మ్యాచ్‌లు ఆడుతున్నారు. అండర్-19 ప్రాబబుల్స్‌లో (జట్టును ఎంపిక చేసే ముందు ప్రకటించే పెద్ద జాబితాలో) ఒకసారి, అండర్-23 ప్రాబబుల్స్‌లో ఒకసారి పేరు వచ్చింది. రెండుసార్లూ జట్టు ప్రకటించిన రోజు మాత్రం లేదు. డిగ్రీ చదివేటప్పుడు రెండేళ్లు యూనివర్సిటీ తరఫున సౌత్ జోన్ అంతర్ విశ్వవిద్యాలయ పోటీలు ఆడారు. పోయిన సీజన్ లీగ్‌లో 38 వికెట్లు తీశారు. అయినా సీనియర్ సెలక్షన్ నెట్స్‌లో ఆయన చేతికి బంతి వచ్చింది రెండు ఓవర్లకే.

క్లబ్బు డబ్బులివ్వదు. మ్యాచ్ రోజు భోజనం పెడుతుంది, అంతే. పొద్దున పూట ఒక అకాడమీలో పిల్లలకు నేర్పితే నెలకు 14,000 వస్తున్నాయి. గది అద్దె సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసే తమ్ముడు కడుతున్నాడు. "మొన్న స్పైక్స్ కూడా వాడే కొనిచ్చాడు. ఒక్క మాట అనడు. అనకపోవడమే నాకు కష్టంగా ఉంది" అని రాశారు. మిర్యాలగూడలో రైస్ మిల్లు నడిపే బావగారు లెక్కలు చూసుకోవడానికి రమ్మంటున్నారు, నెలకు 25,000 ఇస్తానంటున్నారు. దసరాలోపు ఏ సంగతీ చెప్పమన్నారు. ఇంట్లో సంబంధాలు చూస్తున్నారు. వచ్చిన ప్రతివాళ్లూ "అబ్బాయి ఏం చేస్తుంటాడు?" అని అడిగితే అమ్మ "క్రికెట్ ఆడతాడు" అని చెప్పి తల దించుకుంటోందట.

ఇవన్నీ ఇలా ఉండగా ఒక దళారి తగిలాడు. ఎనిమిది లక్షలిస్తే ఈసారి ప్రాబబుల్స్‌లో పేరు ఖాయం, ఆపైన జట్టు సంగతి కూడా చూస్తానన్నాడు. ఆ మాట విని, ఉన్న రెండున్నర ఎకరాల్లో ఒక ఎకరం అమ్ముతానని నాన్నగారు సిద్ధమయ్యారు. ఆయన ఇప్పటిదాకా కొడుకు ఆడిన ఒక్క మ్యాచ్ కూడా చూడలేదు. "ప్రవీణ్ తాంబే 41 ఏళ్లకు ఐపీఎల్ ఆడాడు కదా సార్, నాకింకా 27 కదా. ఆగాలా, మానాలా? డబ్బు కట్టడం తప్పని తెలుసు, కానీ అందరూ కడుతున్నారంటే ఏం చేయాలి?" ఇదీ ఆయన ప్రశ్న. వేరే రాష్ట్రానికి వెళ్లి ఆడితే ఎలా ఉంటుందని కూడా చివర్లో అడిగారు.

*

మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. నేనూ ఇదే ఊళ్లో చాలా ఏళ్లు లీగ్ ఆడినవాణ్ణి. జట్టు ప్రకటించిన రోజు కాగితం మీద పైనుంచి కిందికి, మళ్లీ కిందినుంచి పైకి పేరు వెతుక్కోవడం ఎలా ఉంటుందో నాకు తెలుసు. కాబట్టి దూరంగా కూర్చుని చెబుతున్న మాటలుగా తీసుకోకండి.

ముందు ఆ ఎనిమిది లక్షల సంగతి. మిగతా అన్నిటిలోనూ ఇలా చేస్తే ఇలా ఉంటుంది, అలా చేస్తే అలా ఉంటుంది అని చెబుతాను. ఇందులో మాత్రం ఒకే మాట: ఇవ్వొద్దు. సెలక్షన్ పేరుతో పిల్లల దగ్గర, తల్లిదండ్రుల దగ్గర డబ్బు గుంజారని మన దేశంలో పోలీసు కేసులు నమోదయ్యాయి. ఆ డబ్బుకు రసీదు ఉండదు, అడగడానికి చోటు ఉండదు. అతను మీకు అమ్ముతున్నది ప్రాబబుల్స్ అనే మాటను. అది మీకు రెండుసార్లు డబ్బు కట్టకుండానే వచ్చింది. రాకుండా ఆగిపోయింది ఆ తర్వాతి మెట్టు దగ్గర, దానికి అతను కూడా "చూస్తాను" అన్నాడే గానీ ఖాయమనలేదు. మీ ఉత్తరంలో ఆ వాక్యాన్ని మీరే మళ్లీ ఒకసారి చదువుకోండి. "అందరూ కడుతున్నారు" అన్నది కూడా బహుశా అతని నోటి నుంచి వచ్చిన మాటే అయి ఉంటుంది.

అతని మీద ఫిర్యాదు చేయాలా వద్దా అన్నది వేరే ప్రశ్న. క్రికెట్ బోర్డుకు అవినీతి నిరోధక విభాగం ఉంది, పోలీసులున్నారు. చేస్తే మీ పేరు బయటికి పొక్కవచ్చు, క్లబ్బులో కొందరు ముఖం చాటేయవచ్చు. చేయకపోతే అతను రేపు ఇంకో ఊళ్లో ఇంకో తండ్రి దగ్గర కూర్చుంటాడు. భారం మీ మీద పడేది కాబట్టి నిర్ణయం మీదే. కానీ ఫోన్‌లో ఉన్న మెసేజ్‌లు చెరిపేయకండి. ఇంకో నెల తర్వాత మీ మనసు మారవచ్చు.

ఇక అసలు చిక్కుకు వద్దాం. మీ కష్టం ప్రతిభ తక్కువై వచ్చింది కాదు, బద్ధకం వల్ల వచ్చింది అంతకన్నా కాదు. మన క్రికెట్‌లో మెట్లన్నీ ఒక ఎత్తులో ఉండవు. 2021లో బోర్డు పెంచిన మ్యాచ్ ఫీజు ప్రకారం సీనియర్ జట్టులో కొత్తగా వచ్చిన ఆటగాడికి, అంటే 20 మ్యాచ్‌లలోపు ఆడినవాడికి, రోజుకు 40,000. నాలుగు రోజుల రంజీ మ్యాచ్‌కు 1,60,000. లీగ్ దశలో ఏడు మ్యాచ్‌లూ ఆడితే 11 లక్షలు దాటుతుంది. తుది జట్టులో లేకుండా రిజర్వ్‌లో కూర్చున్నా అందులో సగం. దానికి ఒక్క మెట్టు కింద, అదే ఊళ్లో, అదే బ్యాట్స్‌మెన్‌కు బంతులేసి మూడు రోజుల మ్యాచ్‌లో ఐదు వికెట్లు తీసినవాడికి భోజనం పొట్లం. మధ్యలో ఏమీ లేదు. ఈ ఖాళీ వల్లే మీలాంటివాళ్లు "ఇంకొక్క మెట్టే కదా" అనుకుంటూ ఏళ్లు గడిపేస్తారు. ఈ ఖాళీలోనే దళారులు కూడా దుకాణం పెడతారు.

ఒకప్పుడు ఇలా ఉండేది కాదు. హైదరాబాద్ లీగ్‌లో స్టేట్ బ్యాంక్ ఆఫ్ హైదరాబాద్‌కు, ఆంధ్రా బ్యాంక్‌కు జట్లుండేవి. బాగా ఆడే కుర్రాడికి అక్కడ చోటు దొరికితే ఉద్యోగం దొరికినట్టే. పొద్దున సంతకం పెట్టి మధ్యాహ్నం నెట్స్‌కు వచ్చేవాళ్లు. రంజీ ఆడకపోయినా ఇల్లు గడిచేది, పెళ్లిచూపుల్లో "బ్యాంకులో చేస్తాడు" అనేవాళ్లు. ఎస్‌బీహెచ్ 2017లో స్టేట్ బ్యాంకులో, ఆంధ్రా బ్యాంక్ 2020లో యూనియన్ బ్యాంకులో కలిసిపోయాయి. ఆ ఆసరా పోయిన కాలంలో మీరు పై డివిజన్‌కు వచ్చారు. మీ అమ్మగారు తల దించుకోవడంలో మీ తప్పు ఎంత అని మిమ్మల్ని మీరు ప్రశ్నించుకునేటప్పుడు ఇది కూడా లెక్కలో పెట్టుకోండి.

తాంబే గురించి రాశారు. నిజమే, 2013లో 41 ఏళ్ల వయసులో, అంతకుముందు ఒక్క రంజీ మ్యాచ్ కూడా ఆడకుండా, రాజస్థాన్ రాయల్స్‌కు ఆడాడు. రంజీ అరంగేట్రం ఆ తర్వాతే జరిగింది. కానీ ఆ కథలో మీరు చూడాల్సింది ఆ 41 కాదు. అన్నేళ్లూ ముంబయిలో కంపెనీ జట్లకు ఆడుతూ, ఉద్యోగం చేసుకుంటూ సంసారం నడిపాడు. అంత కాలం నిలబడగలిగింది అందుకే. మన సిరాజ్ కథ కూడా మీ గదిలో చాలాసార్లు చెప్పుకుని ఉంటారు. అతను 21 ఏళ్లకు రంజీలోకి వచ్చాడు, 2016-17 సీజన్‌లో 41 వికెట్లు తీశాడు, ఆ వెంటనే ఐపీఎల్ వేలంలో 2 కోట్ల 60 లక్షలు పలికాడు. అది ఫాస్ట్ బౌలర్ కథ, 21 ఏళ్ల కథ.

ఎడమచేతి స్పిన్నర్‌గా మీరు గుర్తుంచుకోవాల్సిన పేర్లు వేరే ఉన్నాయి. రాజీందర్ గోయల్ రంజీలో 637 వికెట్లు తీశాడు. ఆ టోర్నీలో అంతకన్నా ఎక్కువ ఎవరూ తీయలేదు. పద్మాకర్ శివాల్కర్, రంజీతో పాటు ఇతర పెద్ద మ్యాచ్‌లు కూడా కలిసిన ఫస్ట్ క్లాస్ క్రికెట్‌లో 589 తీశాడు. ఇద్దరూ భారత జట్టుకు ఒక్క టెస్టు ఆడలేదు. ఆ రోజుల్లో భారత జట్టులో ఎడమచేతి స్పిన్నర్ చోటులో బిషన్ సింగ్ బేడీ ఉన్నాడు. ఒక జట్టులో ఎడమచేతి స్పిన్నర్‌కు మామూలుగా ఒకటే చోటు ఉంటుంది. అందుకే ఒక పని చేయండి. రాష్ట్ర జట్టులో ఇప్పుడు ఆ చోటులో ఉన్నవాడి వయసెంత, పోయిన రెండు సీజన్లలో ఎన్ని వికెట్లు తీశాడు, అతని వెనక అండర్-23లో ఎవరున్నారు, ఈ మూడూ ఒక కాగితం మీద రాయండి. అతనికి 23 ఏళ్లుండి 40 వికెట్లు తీస్తుంటే మీ పరిస్థితి ఒకటి. 34 ఏళ్లుండి భుజం నొప్పితో ఆడుతుంటే ఇంకొకటి. సెలక్టర్లు అన్యాయం చేశారా లేదా అన్న వాదనలో రాత్రులు గడపడం కన్నా ఈ కాగితం ఎక్కువ చెబుతుంది.

ఆ కాగితం చూశాక కూడా ఆశ ఉందనిపిస్తే ఇంకో సీజన్ ఆడండి. ఒక్కటే, పూర్తిగా. ఇప్పుడే కొలత పెట్టుకోండి: ఇన్ని వికెట్లు, రాష్ట్ర శిబిరానికి పిలుపు, ఫలానా తేదీలోపు. ఆ కొలత తమ్ముడికి చెప్పండి. అతను ఏమీ అనకపోవడం మీకు కష్టంగా ఉందన్నారు కదా, అతనికి కూడా ఎప్పటిదాకా అద్దె కట్టాలో తెలియకపోవడం కష్టంగానే ఉండి ఉంటుంది. అడగలేక ఊరుకుంటున్నాడేమో. ఈ దారిలో నష్టం ఏమిటంటే బావగారి చోటు అప్పటికి ఉండకపోవచ్చు. కొలత పెట్టుకున్నాక దాన్ని జరపాలన్న కోరిక కూడా కలుగుతుంది. ఒక్క క్యాచ్ జారిపోయి వికెట్ తగ్గితే "ఇంకొక్క ఏడాది" అనిపిస్తుంది. నాకు తెలిసినవాళ్లలో 33 ఏళ్లకు కూడా ఆ మాటే అన్నవాళ్లున్నారు.

బావగారి మిల్లు తక్కువ దారి కాదు. డబ్బు నిలకడగా వస్తుంది, ఇల్లు దగ్గర, అక్క దగ్గర. కానీ మిర్యాలగూడలో కూర్చుంటే హైదరాబాద్‌లో మూడు రోజుల మ్యాచ్‌లు ఆడలేరు. మీ పై డివిజన్ క్రికెట్ అక్కడితో ముగుస్తుంది. ఇంకో సంగతి, బావ దగ్గర ఉద్యోగం అంటే జీతంతో పాటు చుట్టరికం కూడా లెక్కల పుస్తకంలోకి వస్తుంది. రేపు మానేయాలనిపిస్తే మిల్లు మానేసినట్టు కాదు, అక్కయ్య ఇంటితో మాట పట్టింపు వచ్చినట్టు అవుతుంది. వెళ్లేటట్టయితే మనసారా వెళ్లండి. క్రికెట్ మీద అలిగి వెళ్లొద్దు. "దసరా దాకా కాదు బావా, సంక్రాంతి దాకా ఆగగలరా" అని అడిగి చూడండి. కుదరదంటే ఆయన తప్పేమీ లేదు, మిల్లుకు మనిషి కావాలి.

ఇప్పుడు మీరు ఉత్తరంలో ఒకే వాక్యంలో దాటేసిన విషయం దగ్గర నేను ఆగాలి. యూనివర్సిటీ తరఫున రెండేళ్లు ఆడానన్నారు. దాని విలువ మీకెవరూ చెప్పలేదనుకుంటాను. కేంద్ర ప్రభుత్వ శాఖల్లో గ్రూప్-సి ఉద్యోగాలకు స్పోర్ట్స్ కోటా ఉంది. రాష్ట్రానికి ఆడినవాళ్లే కాదు, అంతర్ విశ్వవిద్యాలయ పోటీల్లో యూనివర్సిటీకి ఆడినవాళ్లూ దానికి అర్హులు. లీగ్‌లో తీసిన 38 వికెట్లకు అక్కడ లెక్క లేదు, ప్రాబబుల్స్‌కూ లేదు, కానీ ఆ రెండేళ్లకు ఉంది. దానికి ఫారం-3 అనే సర్టిఫికెట్ కావాలి, యూనివర్సిటీలో క్రీడల డైరెక్టర్ సంతకంతో. మామూలు మెరిట్ సర్టిఫికెట్ చూపిస్తే చాలదు. వయోపరిమితిలో ఐదేళ్ల దాకా, ఎస్సీ ఎస్టీలకు పదేళ్ల దాకా సడలింపు ఉంటుంది. ఆదాయపు పన్ను శాఖ లాంటివి అప్పుడప్పుడు ప్రకటనలు ఇస్తుంటాయి. రైల్వే స్పోర్ట్స్ కోటాకు మాత్రం 25 ఏళ్లు దాటకూడదు, సడలింపు కూడా లేదు. ఆ తలుపు మీకు రెండేళ్ల కింద మూసుకుపోయింది. ఇది రాస్తుంటే నాకు బాధగా ఉంది, ఎందుకంటే మీ అకాడమీలో గానీ క్లబ్బులో గానీ ఒక్క పెద్దమనిషి ఇరవై రెండేళ్లప్పుడు మీకీ మాట చెప్పి ఉండాల్సింది. మీ దగ్గర నేర్చుకునే పిల్లలకైనా మీరు చెప్పండి.

ఆశ ఎక్కువ పెట్టను. అంతర్జాతీయ స్థాయిలో ఆడినవాళ్లు, పతకాలు తెచ్చినవాళ్లు ముందు వరుసలో ఉంటారు. పోటీలో పాల్గొన్నవాళ్లు వెనక ఉంటారు. ప్రకటనలు ఎప్పుడు వస్తాయో తెలియదు, ఖాళీలు వేళ్ల మీద లెక్కపెట్టేటన్నే. కానీ దరఖాస్తు చేయడానికి మీరు ఆట మానక్కర్లేదు. పైగా ట్రయల్స్ ఉంటాయి, అప్పటికి చేతిలో బంతి తిరుగుతూ ఉండాలి.

నేర్పడం గురించి మీరు 14,000 అన్న అంకె తప్ప ఏమీ రాయలేదు. అది మీకు ఇష్టమేనా? ఇష్టమైతే దాన్ని చిల్లర పనిగా ఉంచకండి. వ్యాయామ ఉపాధ్యాయులు చదివే బి.పి.ఇడి. రెండేళ్ల కోర్సు, దానికి పీఈసెట్ అనే ప్రవేశ పరీక్ష రాయాలి. అందులో దేహదారుఢ్య పరీక్షలతో పాటు ఆటలో నైపుణ్యానికి కూడా మార్కులుంటాయి. పాటియాలాలోని జాతీయ క్రీడా సంస్థలో శిక్షకుల డిప్లొమా ఉంది. క్రికెట్ బోర్డు కోచ్‌లకు నడిపే లెవెల్ కోర్సులకు రాష్ట్ర క్రికెట్ సంఘం ద్వారా వెళ్లాలి. ఏదో ఒక కాగితం చేతిలో ఉన్న కోచ్‌ను స్కూలు వేరే రకంగా చూస్తుంది. అమోల్ ముజుందార్‌ను తీసుకోండి. ఫస్ట్ క్లాస్‌లో 11,000 పైగా పరుగులు చేసి, చివర్లో మన ఆంధ్రకు కూడా ఆడి, భారత జట్టు టోపీ పెట్టుకోకుండానే రిటైరయ్యాడు. 2025లో ప్రపంచకప్ గెలిచిన మన మహిళల జట్టుకు కోచ్ ఆయనే. ఆయన ఎత్తు వేరు, మీరున్న చోటు వేరు, అది నాకు తెలుసు. ఆడటంలో ఆగిపోయిన చోట నేర్పడం కూడా ఆగిపోదని చెప్పడానికే ఈ పేరు.

అంపైరింగ్ గురించి ఎవరూ ఇరవైల్లో ఆలోచించరు. మీరు ఒక్కసారి ఆలోచించండి. రాష్ట్ర సంఘం పరీక్షతో మొదలు, ఆ తర్వాత బోర్డు పరీక్షలు. అక్కడిదాకా వెళ్లడానికి చాలా ఏళ్లు పడుతుంది, చాలామంది మధ్యలోనే ఆగుతారు. చేరినవాళ్లకు ఫస్ట్ క్లాస్ మ్యాచ్‌కు రోజు లెక్కన ఫీజు ఉంటుంది. తన్మయ్ శ్రీవాస్తవ అని 2008లో అండర్-19 ప్రపంచకప్ గెలిచిన జట్టులో ఆడిన కుర్రాడు, ఐపీఎల్ కూడా ఆడాడు, 2025లో అదే ఐపీఎల్‌లో అంపైర్‌గా నిలబడ్డాడు. ముప్ఫై లోపు మొదలుపెట్టినవాడికి ఇందులో ముందు చాలా కాలం ఉంటుంది. కానీ మైదానంలో ఎనిమిది గంటలు నిలబడి ఒక్క బంతి కూడా వేయకుండా ఉండగలరా? వికెట్ మీకు తిరుగుతోందని కనిపిస్తుంటే? కొందరి మనసు దానికి ఒప్పుకోదు. మీ కింది డివిజన్ స్నేహితుల మ్యాచ్‌కు ఒక ఆదివారం నిలబడి చూడండి, మీకే తెలుస్తుంది.

వేరే రాష్ట్రానికి వెళ్లి ఆడితే ఎలా ఉంటుందని చివర్లో అడిగారు. 2018-19లో ఈశాన్య రాష్ట్రాల జట్లు సహా మొత్తం తొమ్మిది కొత్త జట్లు రంజీలోకి వచ్చాక ఈ మాట బాగా వినిపిస్తోంది. అవి బయటి ఆటగాళ్లను తీసుకునేటప్పుడు సాధారణంగా రంజీ అనుభవం ఉన్నవాళ్లనే తీసుకుంటాయి. స్థానికుడిగా ఆడాలంటే అక్కడ పుట్టి ఉండాలి, లేదా చదువుకో ఉద్యోగానికో వెళ్లి నిజంగా అక్కడ ఉంటూ ఉండాలి. అడ్రస్ కాగితాలు "ఏర్పాటు చేస్తాం" అనేవాళ్లు మీ దళారికి అన్నదమ్ములే.

పెళ్లి గురించి ఎక్కువ చెప్పను. అమ్మాయి వాళ్లకు 14,000 సంగతి, కొలత పెట్టుకున్న తేదీ సంగతి రెండూ చెప్పండి. ఆ మాట అమ్మగారి చేత చెప్పించకండి, మీరే చెప్పండి.

నేను మీ స్థానంలో ఉంటే ఏం చేస్తానని మీరు అడగలేదు గానీ చెబుతాను. ఒక్క సీజన్ ఆడతాను. అది నడుస్తుండగానే ఫారం-3 తెచ్చుకుంటాను, పీఈసెట్‌కు చదువుతాను. మీరు అలాగే చేయాలని కాదు. అద్దె ఇంకో ఏడాది కట్టగలడో లేదో తమ్ముడికి తెలుసు, నాకు తెలియదు. మిల్లులో లెక్కలు చూస్తూ ఆదివారం ఊళ్లో టెన్నిస్ బంతితో ఆడుకునే జీవితం మీకు సరిపోతుందో లేదో కూడా నాకు తెలియదు, అది మీకే తెలియాలి.

ఇక నాన్నగారు. ఎకరం అమ్ముతానన్నారంటే ఆయనకు క్రికెట్ తెలిసి కాదు, మీరు చిన్నబోవడం చూడలేక. ఆయనకు ఫోన్‌లో చెప్పకండి. ఊరు వెళ్లండి. భూమి అమ్మొద్దని ముందు చెప్పండి, కారణం తర్వాత చెప్పండి. అతను అడిగిన డబ్బు ఆటకు కాదని, మన ఆశకు వేసిన ధర అని చెబితే ఆయనకు అర్థమవుతుంది. ఎరువుల దుకాణంలోనో ధాన్యం కాంటా దగ్గరో ఇలాంటివాళ్లను ఆయన మీకన్నా ఎక్కువ మందిని చూసి ఉంటారు. మీరు బౌలింగ్ వేస్తుంటే ఆయన ఒక్కసారి కూడా చూడలేదని రాశారు. వచ్చే సీజన్ మొదటి మ్యాచ్‌కు వెంట తీసుకురండి. మూడు రోజులూ ఉంచండి. సైట్‌స్క్రీన్ పక్కన చెట్టు నీడ ఉన్న గ్రౌండ్ అయితే ఒక కుర్చీ వేయించండి, మీ చేతి నుంచి బంతి ఎటు తిరుగుతుందో ఆయనకు అక్కణ్ణుంచి బాగా కనిపిస్తుంది.